సినిమా ప్రశ్నలు: సగంలో వెళ్ళిపోయిన సోహీ

ప్రశ్న: 'నెక్స్ట్ సోహీ' అనే కొరియన్ సినిమా (2022) చూశానండీ. హీరోయిన్ సగంలోనే చనిపోతుంది, మిగతాదంతా పోలీసామె ఆఫీసుల చుట్టూ తిరగడమే. హంతకుడే లేని కేసుకి అంత విచారణ దేనికి? ఆ సగం కత్తిరిస్తే పోయేది కదా!
— ఒక పాఠకురాలు, ఖమ్మం

జవాబు: కత్తిరిస్తే 'అయ్యో పాపం' అనుకుని పడుకుంటామండీ, అంతే. సోహీ డాన్సంటే ప్రాణం పెట్టే పిల్ల, మాట పడే రకం కాదు. అలాంటిదాన్ని స్కూలే ఒక కాల్ సెంటర్‌కి ట్రైనీగా పంపుతుంది. ఇంటర్నెట్ కనెక్షన్ తీసేయమని ఫోన్ చేసినవాళ్ళని ఎలాగోలా ఆపాలి, తిట్టినా మర్యాదగానే మాట్లాడాలి, టార్గెట్ కొట్టాలి, తీరా కొట్టాక ట్రైనీలు మధ్యలో మానేస్తారేమోనని ఇన్సెంటివ్ ఆపేస్తారు. టీమ్ లీడర్ ప్రాణం తీసుకుంటే, ఆ విషయం ఎక్కడా మాట్లాడబోమని అందరిచేతా సంతకాలు!

ఇక బే డూనా వేసిన డిటెక్టివ్ కంపెనీకెళ్తే తప్పు వేరేవాళ్ళది, స్కూలుకెళ్తే ఉద్యోగాల శాతం పడిపోతే నిధులు పోతాయన్న భయం, విద్యాశాఖకెళ్తే అక్కడా అంకెల గొడవే. ఒక్కడూ రాక్షసుడు కాడు, ప్రతివాడి నెత్తినా ఓ అంకె కూర్చుని ఉంటుంది. మీరు వెతికిన హంతకుడు అదే. ఆ అంకెల పట్టికలు చూస్తుంటే నాకు ఇంటర్ ఫలితాల మర్నాడు మన పేపర్లలో వచ్చే ర్యాంకుల ప్రకటనలు గుర్తొచ్చి కాసేపు సినిమా ఆపేశాను. 138 నిమిషాలు మాత్రం ఎక్కువే, ఒప్పుకుంటా.

ప్రశ్న: ఇది నిజంగా జరిగిందా? తర్వాత ఏమైనా మారిందా?
— ఒక పాఠకుడు, విజయవాడ

జవాబు: 2017లో జియోంజు నగరంలో కాల్ సెంటర్ ట్రైనీగా చేసిన ఓ హైస్కూల్ విద్యార్థిని చావు దీనికి ఆధారం. సినిమా వచ్చాక, 2023లో, అక్కడి పార్లమెంటు వృత్తివిద్యా శిక్షణ చట్టాన్ని సవరించి, బలవంతపు చాకిరీ నుంచి కార్మికులకున్న రక్షణని ట్రైనీ పిల్లలకీ ఇచ్చింది. జనం దాన్ని సోహీ పేరుతోనే పిలిచారు. అమ్మాయి పోయిన ఆరేళ్ళకి!

ప్రశ్న: ఈ దర్శకురాలి సినిమా ఇంకోటి చెప్పండి.
— ఒక పాఠకురాలు, కరీంనగర్

జవాబు: జులై జంగ్ మొదటి సినిమా 'ఎ గర్ల్ ఎట్ మై డోర్' (2014). అందులోనూ బే డూనా పోలీసే. ఇంట్లో దెబ్బలు తినే ఓ చిన్నపిల్ల కథ కాబట్టి రాత్రి పడుకోబోయే ముందు మాత్రం పెట్టుకోకండి.