కదిలే బొమ్మలు చేస్తానంటున్న మేనల్లుడికి

చిరంజీవికి ఆశీస్సులు.

పాత ఇనుముతో కదిలే బొమ్మలు చేస్తాను, ముందు తల ఊపే గుర్రం, తుక్కుతో కదిలే శిల్పాలు చేసిన స్విస్ శిల్పి జాఁ టాంగ్లీయే నా గురువు అని రాశావు. సంతోషం. కానీ నీ ఉత్తరం నిండా ఆ 1960 మార్చి 17 గొడవే. న్యూయార్క్ ఆధునిక కళా మ్యూజియం తోటలో సైకిల్ చక్రాలు, స్నానాల తొట్టి, పియానో కలిపి ఆయన కట్టిన యంత్రం తనను తానే విరగ్గొట్టుకుంది. పియానో అంటుకుంది, అరగంట తిరక్కుండానే ఫైర్ సిబ్బంది వచ్చి ఆపేశారు. చెప్పుకోవడానికి భలే ఉంటుంది గానీ, నేర్చుకునేవాడికి అది పనికిరాదురా. కూలిపోయే యంత్రానికి రేపటి బెంగ లేదు. నీ గుర్రం రేపు కూడా తల ఊపాలి.

స్విట్జర్లాండ్‌లోని బాసెల్ ఊళ్లో 1977 నాటి ఆయన ఫౌంటెన్ చూడు. పాత నాటకశాల పడగొడితే దాని రంగస్థలం సామాన్ల ముక్కలు తెచ్చి, లోతు తక్కువ నీళ్లలో పది బొమ్మలు నిలబెట్టాడు. ఒకటి నీళ్లు చిమ్ముతుంది. ఇంకొకటి పార పట్టి నీళ్లు ఎత్తిపోస్తూనే ఉంటుంది, నీళ్లు తిరిగి అక్కడే పడతాయి. పని శ్రద్ధగా జరుగుతుంది, ఫలితం సున్నా. నవ్వొచ్చేది అందుకే. అన్నీ తక్కువ వోల్టేజీ కరెంటుతో నడుస్తాయి. కుర్రతనంలో ఆయన షోకేసులు అలంకరించే పని నేర్చుకున్నాడు. దారిన పోయేవాణ్ణి ఆపే విద్య అక్కడే అబ్బిందని నా అనుమానం.

ఇక నీ గుర్రం. అసలు సంగతి స్పీడు. నిమిషానికి 1,440 చుట్లు తిరిగే మోటారును నేరుగా తగిలిస్తే బొమ్మ ఊగదు, అదురుతుంది. రెండంగుళాల పుల్లీ (బెల్టు తిరిగే చక్రం) నుంచి పన్నెండంగుళాల దానికి బెల్టు వేస్తే 240కి దిగుతుంది. అలాగే ఇంకో జత వేస్తే 40. మెడకు అదీ ఎక్కువే, మూడో జత కూడా వేసుకో. గేర్లకన్నా బెల్టే మేలు: ఎక్కడైనా పట్టేస్తే బెల్టు జారుతుంది, ఇరుసు విరగదు. క్రాంకు (మోటారు తిప్పుడును ఊపుగా మార్చే వంపు చేయి) ఇరుసును తల ఊగే గీతకు సూటిగా కాక కాస్త పక్కకు జరిపి చూడు, తల మెల్లగా లేచి గబుక్కున వాలుతుంది. ఆ గబుక్కున వాలడంలోనే ప్రాణం ఉంది. రెండు వైపులా ఒకే తీరుగా ఊగితే కుట్టుమిషను చూసినట్టు ఉంటుంది.

నట్లన్నిటికీ లాక్‌నట్ (వదులు కాకుండా పట్టి ఉంచే నట్) వేయి, లేకపోతే అదురుకు వదులైపోతాయి. పిల్లలు వేళ్లు పెట్టే చోట జాలీ తప్పదు, అందం పోతుందని బేరమాడకు.

వెల్డింగ్‌కి తొందరపడకు. బోల్టులతో బిగించి రోజంతా తిప్పు, ఎక్కడ వేడెక్కుతోందో చేత్తో తడిమి చూడు, మోటారు ఆపేశాకే సుమా. మెడ బరువెంతో తూచి రాయి, బుష్ (ఇరుసు అరగకుండా తిరగడానికి వేసే గొట్టం) సైజు చెబుతాను.

మీ మామయ్య