మాత్ర కొనే ముందు షుగర్ చూపించుకో తమ్ముడూ

36 ఏళ్లకే ఆరు నెలలుగా అంగస్తంభన సరిగా ఉండడం లేదని, మెడికల్ షాపతను చీటీ లేకుండానే 100 ఎంజీ మాత్ర ఇస్తానన్నాడని, వేసుకోవచ్చా అని అడిగావు. ఇప్పుడే వద్దు. ఎందుకో నాకు జరిగింది చెబుతాను.

మాది తాడిపత్రి దగ్గర పల్లె. ఐదెకరాల చీనీ తోట. నాకిది 44 ఏళ్లప్పుడు మొదలైంది. ఇలాంటిది ఎవరితో చెప్పుకుంటాం? బస్టాండు గోడ మీద రాత చూసి లాడ్జి డాక్టర్ దగ్గరికి పోయాను. మంచాన్ని గోడకు నిలబెట్టి, టేబుల్ మీద పచ్చగుడ్డ పరుచుకుని కూర్చున్నాడు. నాడి పట్టి, "చిన్నప్పటి చేతి అలవాటు వల్ల నరాలు చచ్చుబడినాయి" అన్నాడు. అది శుద్ధ అబద్ధమని తర్వాత తెలిసింది. అప్పుడు మాత్రం తల దించుకుని 8,500 కట్టి లేహ్యం డబ్బా తెచ్చుకున్నాను. మా ఆవిడ అది దగ్గు మందనుకుని మా అమ్మకు ఒక చెంచా పెట్టబోయింది! ఇలాంటి లేహ్యాల్లో అంగస్తంభనకు వాడే ఇంగ్లీషు మాత్రల పొడి కలిపి అమ్మేవాళ్లూ ఉన్నారు. గుండె జబ్బున్న మనిషి తింటే ప్రాణం మీదికి రావచ్చు.

మూడు నెలలు పోయాక కర్నూలులో యూరాలజిస్టును, అంటే మూత్ర సమస్యలు, మగవాళ్ల సమస్యలు చూసే డాక్టర్ను కలిశాను. ఆయన అడిగినవి వేరే. తెల్లవారుజామున మామూలుగానే లేస్తోందా? బీడీలు ఎన్ని? మీ నాయనకు షుగర్ ఉందా? రాత్రి ఎన్నిసార్లు ఒంటికి పోతావు? నాలుగుసార్లు లేస్తున్నానుగానీ, ఎండాకాలం, నీళ్లు ఎక్కువ తాగుతున్నానులే అనుకున్నా. పరగడుపున షుగర్ 212. మూడు నెలల సగటు చూపే పరీక్షలో 9.4. నాకు షుగర్ ఉందని ఆ రోజే తెలిసింది.

ఆయన చెప్పింది నాకు తోటకు నీళ్లు పెట్టే డ్రిప్పు పైపుల లెక్కన అర్థమైంది. మన ఉప్పునీళ్లకు మెయిన్ పైపు బాగానే ఉంటుంది, ముందు మూసుకుపోయేది సన్న పైపుల రంధ్రాలే. అంగంలోని రక్తనాళాలు ఒకటి రెండు మిల్లీమీటర్లు, గుండెవి మూడు నాలుగు. షుగర్, బీపీ, కొవ్వు, పొగ రక్తనాళాలన్నిటినీ పాడుచేస్తాయిగానీ, దెబ్బ ముందు కనబడేది సన్నవాటిలో. గుండెనొప్పి రావడానికి కొన్నేళ్ల ముందే ఈ సమస్య కనిపించవచ్చట. అందుకే నాకు ఈసీజీ, ట్రెడ్‌మిల్ పరీక్ష కూడా చేయించారు. డ్రిప్పు పైపైతే యాసిడ్ పెట్టి కడుగుతాం, ఒంట్లో ఆ వీలు లేదు కదా.

గుండె బాగుందని తేలాకే సిల్డెనాఫిల్ (వయాగ్రాలో ఉండే మందు) రాశారు, 50 ఎంజీ. మొదటిసారి మటన్, సంగటి కడుపునిండా తిని వేసుకున్నాను. ఏమీ కాలేదు. కొవ్వు తిండి మీద అది ఆలస్యంగా పనిచేస్తుందట. తేలిగ్గా తిని, గంట ముందు వేసుకోవాలి. కోరిక లేకుండా మాత్ర ఒక్కటే ఏమీ చేయదు. గుండెనొప్పికి నాలుక కింద పెట్టుకునే మాత్ర వాడేవాళ్లు దీన్ని అసలు ముట్టకూడదు, బీపీ ఒక్కసారిగా పడిపోతుంది. మాత్ర వేసుకున్నాక అంగస్తంభన నాలుగు గంటలు దాటినా తగ్గకపోతే సిగ్గుపడకుండా ఆసుపత్రికి పరుగెత్తాలి.

నీ వయసులో టెన్షన్ కూడా కారణం కావచ్చు. తెల్లవారుజామున బాగానే ఉండి భార్య దగ్గర మాత్రమే ఇబ్బందైతే, అప్పులో, భయమో, ఇంట్లో గొడవలో చూసుకో. కొన్ని బీపీ, డిప్రెషన్ మందులతోనూ ఇలా అవుతుంది. అలాగని నీ అంతట నువ్వు ఆపొద్దు. మా బావ బీపీ మాత్ర మానేసి వారం తిరక్కముందే ఆసుపత్రిలో పడ్డాడు.

నేను బీడీ మానేశాను, షుగర్ మందు వేసుకుని పొద్దున్నే తోట చుట్టూ గంట నడిచాను. ఎనిమిది నెలలకు 9.4 కాస్తా 7.1కి వచ్చింది. ఇప్పుడు మాత్ర ఎప్పుడో ఒకసారే. మా ఆవిడకు ముందే చెప్పుంటే బాగుండేది. నేను మిద్దె మీద పడుకోవడం మొదలుపెట్టేసరికి ఆమె ఇంకేదో ఊహించుకుని ఏడాది కుమిలిపోయింది.

రేపు పొద్దున ఏమీ తినకుండా, కాఫీ కూడా తాగకుండా ల్యాబుకు పో. షుగర్, కొలెస్ట్రాల్ చేయించు, బీపీ చూపించుకో. టెస్టోస్టిరాన్ పరీక్ష కూడా పొద్దున్నే చేయించాలి. ఆ కాగితాలతో డాక్టర్ దగ్గరికి వెళ్లు. మాత్ర సంగతి ఆయనే చెబుతాడు.