ఎలుగు తల ఎంత బరువుండాలి?

ప్రశ్న: అరగంట ఏకపాత్ర ప్రదర్శనకి ఎలుగుబంటి వేషం కట్టాలనుకుంటున్నాను. లోపలున్నది ఆడో మగో, ఏ కులమో చూసేవాళ్లకి తెలియకూడదన్నదే ఉద్దేశం. తల, ఒళ్లు దేంతో చేసుకోవాలి? మన ఎండకి తట్టుకోగలనా?
– ఒక పాఠకురాలు, తిరుపతి

జవాబు: అమెరికాలో నిక్ కేవ్ అనే కళాకారుడు 1992లో ఏరుకొచ్చిన పుల్లలతో ఒళ్లంతా కప్పే తొడుగు చేసుకున్నాడు. వేసుకుంటే ఒంటి రంగు, ఆడా మగా ఏదీ తెలియదు. మీరు వెళ్తున్నదీ ఆ దారే. కాకపోతే గంగమ్మ జాతరలో ఏటా మగవాళ్లు చీర కట్టి జడ వేసుకునే ఊరు మనది. ఉత్త వేషానికి ఇక్కడెవరూ ఆగి చూడరు, పనితనం ఉండాల్సిందే.

తలకి బంకమట్టితో అచ్చు చేయండి. మీ తల కొలతకన్నా చుట్టూ రెండు వేళ్ల వదులు ఉంచి, పల్చటి ప్లాస్టిక్ కవరు కప్పి, దినపత్రిక ముక్కల్ని మైదా బంకతో ఆరు పొరలు అంటించండి. ఒక పొర పూర్తిగా ఆరాకే రెండోది. తొందరపడితే లోపల తేమ నిలిచి బూజు పడుతుంది, మూతి కిందికి వాలిపోతుంది. ఆరాక లోపలా బయటా ఫెవికాల్ నీళ్లు పూయండి, లేదంటే మైదా వాసనకి బొద్దింకలు చేరతాయి.

మొత్తం బరువు కిలో దాటకూడదు. ఎలుగు మూతి పొడుగు కాబట్టి తల ముందుకి లాగేసి పది నిమిషాల్లో మెడ పట్టేస్తుంది. ఇళ్లు కట్టే చోట పనివాళ్లు పెట్టుకునే సైట్ హెల్మెట్ లోపలుండే పట్టీ ఊడదీసి బిగించండి. వెనక ఇసక మూట ఒకటి కట్టండి, నూటయాభై గ్రాములతో మొదలుపెట్టి తూకం కుదిరేదాకా పెంచుకోండి. చూపు కళ్లలోంచి కాదు, నోట్లోంచి. నోటికి నల్లరంగు వేసిన దోమతెర అడ్డం పెడితే మీకు జనం కనిపిస్తారు, వాళ్లకి మీరు కనిపించరు. మీ కాళ్లు మాత్రం మీకు కనిపించవు. మెట్లున్న వేదిక వద్దు.

ఒంటికి కృత్రిమ బొచ్చు బట్ట వాడితే ఉడికిపోతారు. నల్లరంగు అద్దిన జనపనార నయం. రంగు దిగడం ఆగేదాకా ఉతకండి, లేకపోతే చెమటకి మెడంతా నల్లబడుతుంది. పొడుగు చేతుల నూలు చొక్కా మీద కింది అంచు నుంచి పైకి వరసలు కుట్టాలి, పై వరస కింది వరసని సగం కప్పాలి. మెడ, భుజాల దగ్గర నార రెట్టింపు పొడుగుంచండి, అడవి ఎలుగుకి అక్కడే జూలు. ఛాతీ మీద తెల్లటి గుర్తు, ముందుకాళ్లకి పొడుగాటి తెల్లగోళ్లు మరవొద్దు. గోళ్లకి చెప్పుల రబ్బరు షీటు చాలు. నారకి నిప్పు ఇట్టే అంటుకుంటుంది, కర్పూర హారతి దగ్గరికి రానివ్వకండి.

అసలు చిక్కు నడకతో. ముఖం దాచినా నడకని బట్టి తెలిసినవాళ్లు పట్టేస్తారు. కాలివేళ్లు లోపలివైపుకి తిప్పి, తల దించి ఊగుతూ నడవడం తల తొడగకుండానే కొన్ని వారాలు సాధన చేయండి. మెట్టెలు, పట్టీలు తీసేయండి. అంత కష్టపడి ఎలుగై, కాలివేలి దగ్గర దొరికిపోతే ఏం లాభం!

వేసవిలో తల ఒక్కసారికి పదిహేను నిమిషాలకి మించి ఉంచుకోవద్దు. అరగంటని రెండు భాగాలు చేసి, మధ్యలో తెరచాటుకి వెళ్లి తల తీయడాన్ని కథలోనే కలిపేయండి. ముందు ఉప్పేసిన మజ్జిగ తాగండి. కళ్లు తిరిగితే చెయ్యెత్తే సైగ ఒకటి తోడున్న మనిషికి చెప్పి ఉంచండి.

ప్రశ్న: చిరుత వేషానికి ఎనామిల్ పెయింట్ పూసుకుంటే ఒళ్లంతా దద్దుర్లు వచ్చాయి. పాతకాలం రంగులు మేలంటారా?
– ఒక విద్యార్థి, చిత్తూరు

జవాబు: వీధినాటకాల వాళ్లు ముఖానికి పూసుకున్న అర్దళం అనే పసుపు రాతిపొడిలో ఆర్సెనిక్ అనే విషం, సిందూరంలో సీసం ఉంటాయి. పాతవి కదా అని వాటి జోలికి పోకండి. ఎనామిల్‌తో పాటు దాన్ని వదిలించే కిరోసిన్ కూడా చర్మాన్ని కాలుస్తుంది. నీళ్లతో కలిపే ఫేస్ పెయింట్ కొనండి. ముందురోజు మోచేతి లోపల రూపాయంత పూసి చూడండి. పసుపు రంగు పూర్తిగా ఆరాకే నల్ల మచ్చలు, లేదంటే రెండూ కలిసి బురదవుతాయి. ఇంకోమాట, ఆ వేషంతో అలిపిరి వైపు ఫొటోలకి వెళ్లొద్దు. 2023లో నడకదారిలో పిల్లల మీద చిరుత దాడులు జరిగాయి. చీకట్లో మిమ్మల్ని చూసి జనం పరిగెడితే తొక్కిసలాటే.

ప్రశ్న: నిజమైన పులిగోరు, నెమలీకలు వాడొచ్చా?
– ఒక పాఠకుడు, శ్రీకాళహస్తి

జవాబు: పులిగోరు వద్దే వద్దు, 1972 వన్యప్రాణి చట్టం కింద కేసవుతుంది. తాతల నాటిదన్నా పత్రాలు అడుగుతారు. రాలిన నెమలీకలు వాడుకోవచ్చు గానీ దేశం దాటించకూడదు.