పిండం చెదిరితే ఆత్మకు ఏమవుతుంది?

ప్రశ్న: నాన్నగారి పన్నెండో రోజున పిండాన్ని మూడు ముక్కలు చేసి, మిగతా పిండాల్లో కలిపించారు. కలుపుతుంటే ఒక ముక్క చెదిరిపోయింది. ఆయన ఆత్మకు ఏమైనా లోపం జరిగిందా? అసలు ఆత్మ మిగులుతుందా?

జవాబు: లోపమేమీ లేదమ్మా. దిగులు పెట్టుకోవద్దు. ఆత్మను శస్త్రాలు ఛేదించలేవని గీత రెండో అధ్యాయం చెబుతోంది. అలాంటిది, అన్నం ముద్ద చెదిరితే దానికేమవుతుంది?

మీరు చేసింది సపిండీకరణం. ప్రేతపిండాన్ని మూడు భాగాలు చేసి, మీ తాత, ముత్తాత, ఆయన తండ్రి పిండాల్లో ఒక్కొక్కటి కలుపుతారు. దాంతో నాన్నగారికి ప్రేతత్వం పోయి పితృత్వం వస్తుంది, అంటే పితృదేవతల్లో ఒకరవుతారు. ఇకపై తద్దినంలో వసురూపులుగా, అంటే వసువులనే దేవతల రూపంలో, మొదటి పిండం ఆయనదే. తాతగారు రుద్రరూపులు, ముత్తాతగారు ఆదిత్యరూపులు. వారి పైతరం వారికి విడిగా పిండం ఉండదు. పిండాలు పెట్టాక చేతికి అంటిన అన్నాన్ని దర్భలకు తుడుస్తారు చూడండి, అది వారి భాగం. ఈ వరుస మారడమే ఆ కర్మలోని అసలు సంగతి.

ముద్ద చెదిరేది అన్నం పలుకుగా ఉన్నా, బాగా చల్లారినా. నెలనెలా పెట్టే మాసికాలకు అన్నం మెత్తగా వండించి, గంజి పూర్తిగా ఇగరనిచ్చి, చెయ్యి పట్టే వేడి ఉండగానే నువ్వులు, కాస్త నెయ్యి వేసి గట్టిగా అదమండి. నెయ్యి ఎక్కువైతే ముద్ద జారుతుంది.

ఆత్మ మిగులుతుందా అంటారా? కఠోపనిషత్తులో నచికేతుడు మూడో వరంగా యముణ్ణి అడిగింది ఇదే. దేవతలకూ ఇందులో సందేహమే, మరో వరం కోరుకోమన్నాడు యముడు. నచికేతుడు పట్టు విడవలేదు. చివరికి యముడిచ్చిన జవాబు, ఆత్మకు పుట్టుకా చావూ లేవని. మా నమ్మకమూ అదే.