నాన్న రాడని ముందే చెప్పెయ్

చిట్టితల్లికి,
మావయ్య ఆశీస్సులు.

నీ పిల్లల సినిమాకి సీన్లవారీగా గీసిన బొమ్మల వరుస, అదే స్టోరీబోర్డు, చూశాను. తుఫానులో వేటకెళ్ళి తిరిగిరాని నాన్న, ఒడ్డున ఎదురుచూసే పెదజాలారిపేట కుర్రాడు. నువ్వు తీసుకున్న కథలో ఉన్నది అదే కదా. మరి చివర్లో పడవ ఒడ్డుకొచ్చేసిందేమిటి? పిల్లలు జడుసుకుంటారని నిర్మాత మార్చమన్నారా? జడుసుకుంటే అమ్మ ఒళ్ళో దూరతారు, మళ్ళీ తొంగిచూస్తారు. అబద్ధం చెబితే మాత్రం ఇట్టే పట్టేస్తారమ్మా.

1988లో ఇసావో తకహాతా తీసిన 'గ్రేవ్ ఆఫ్ ది ఫైర్‌ఫ్లైస్', యుద్ధంలో దిక్కులేనివాళ్ళైన అన్నాచెల్లెళ్ళ గురించిన ఆ జపాన్ బొమ్మల సినిమా, మళ్ళీ చూడు, ఈసారి పెన్సిల్ పట్టుకుని. దానికి మూలం అకియుకి నొసాకా 1967లో రాసిన కథ. యుద్ధకాలంలో తిండిలేక పోయిన చెల్లెలి బాధ అతని సొంతం. తకహాతా కూడా చిన్నప్పుడు ఒకయామా మీద బాంబులు పడుతుంటే ప్రాణాలు దక్కించుకున్నవాడే. సినిమా అన్న చావుతోనే మొదలవుతుంది. ఇక బతుకుతారా లేదా అన్న ఆత్రం మనకుండదు. ఆ చిన్నపిల్ల నవ్వినప్పుడల్లా గుండె పట్టేస్తుంది. నువ్వూ అలాగే, నాన్న రాడని మొదట్లోనే చెప్పెయ్.

పిప్పరమెంట్ల డబ్బా సంగతి చూడు. అవి అయిపోయాక అన్న అందులో నీళ్ళు పోసి గిలకరించి, అడుగున మిగిలిన తీపిని చెల్లెలికి తాగిస్తాడు. తర్వాత ఆ పిల్ల పిప్పరమెంట్లనుకుని గోళీలు చప్పరిస్తుంది. చివరికి ఆమె ఎముకలు చేరేదీ ఆ డబ్బాలోకే. నీ బోర్డు నిండా ఉరుములూ శోకాలూ ఉన్నాయి గానీ అలాంటి వస్తువు ఒక్కటీ లేదు. తెల్లారకముందే ఫిషింగ్ హార్బరుకెళ్ళి కూర్చో. వేలంపాట మొదలయ్యేలోపు గంపల దగ్గర కాచుకున్న ఆడవాళ్ళ చేతులు బొమ్మ గియ్యి. ఎవరి పడవ ఆలస్యమైందో ఆ చేతుల్లోనే తెలిసిపోతుంది.

పడవ యజమానిని రాక్షసుణ్ణి చేశావు, అది నాకు నచ్చలేదు. ఆ సినిమాలో పిల్లలకి నీడనిచ్చిన పిన్నిగారు దెప్పిపొడుస్తుంది, వాళ్ళ తిండి వాటా తగ్గిస్తుంది. కానీ ఆమె కూడా తన ఇంటివాళ్ళ కడుపులు నింపాలి. అలాంటివాళ్ళు మన వీధిలోనే ఉంటారు కాబట్టే భయమేస్తుంది.

నిర్మాతతో ఇంకో మాట చెప్పు. 1942 ఏప్రిల్ 6న మన విశాఖ మీద బాంబులు వేసినవి జపాన్ విమానాలే. అయినా ఆ జపాన్ పిల్లల కోసం ఇక్కడి మనుషులు ఏడుస్తారు. ఉన్నది ఉన్నట్టు చూపించినందుకే ఏడుస్తారు.

అప్పటికీ కాదంటే నేనే వచ్చి మాట్లాడతాను. ఆదివారం ముగింపు మళ్ళీ గీసి పట్టుకురా. పడవ లేకుండా.

మీ మావయ్య