బంకు కేసులు చూసే లాయర్ అవుతానంటోంది మా పాప, సరే అనమంటారా?

చంద్రగిరి నుంచి ఒక తండ్రి అడిగారు. వాళ్ల బావమరిదికి చిత్తూరు రోడ్డులో పెట్రోల్ బంకు వచ్చింది, కంపెనీ ఎల్‌ఓఐ (బంకు ఇస్తామనే లెటర్) ఇచ్చింది, కానీ కలెక్టరేట్‌లో ఎన్ఓసీ (అభ్యంతరం లేదనే పత్రం) ఆగిపోయింది, హైవే వాళ్లు దారికి ఒప్పుకోలేదు, ఇప్పుడు హైకోర్టులో రిట్ (అధికారుల తీరు మీద వేసే పిటిషన్) నడుస్తోంది. ఆ కాగితాలన్నీ చదివిన పాప, బీకాం చివరి ఏడాదిలో ఉంది, లా కాలేజీ ప్రవేశ పరీక్ష లాసెట్ రాసి ఇలాంటి కేసులే చూస్తానంటోందట. "దీంతో బతుకుతెరువు ఉంటుందా, బ్యాంకు కోచింగ్‌కి పంపేదా?" అన్నది ఆయన టెన్షన్.

లాసెట్ రాయనివ్వండి సార్. ఇంట్లో కోర్టు గొడవ ఉంటే ఆ మాటెత్తితేనే పిల్లలు లేచి వెళ్లిపోతారు, మీ పాప ఫైలు తెరిచి చదివింది, అది చిన్న విషయం కాదు.

అయితే బంకులు మాత్రమే చూస్తానంటే కుదరదు. ఒక్క సర్వే నంబరు మీద ఎన్ని చట్టాలు వచ్చి పడతాయో చూడండి. 2002 నాటి పెట్రోలియం రూల్స్‌లో 144వ రూల్ ప్రకారం కలెక్టరు ఎన్ఓసీ ఇవ్వాలి, విచారణ మూడు నెలల్లో ముగించాలి, కానీ రెవెన్యూ, పోలీసు, ఫైర్ రిపోర్టుల్లో ఒక్కటి రాకపోయినా ఫైలు కదలదు, అందుకే చాలామంది 'నా దరఖాస్తు మీద ఏదో ఒకటి తేల్చమనండి' అని రిట్ వేస్తారు. ఆ తర్వాత పెట్రోలు, పేలుడు పదార్థాల భద్రత చూసే కేంద్ర సంస్థ పెసో ఇచ్చే లైసెన్సు. రోడ్డు సంగతి పూర్తిగా వేరు. పొలం మనదే, హైవే పక్కనే ఉంది, అయినా దానిమీదకి దారి తెరిచే హక్కు మనకి రాదు, 2002 జాతీయ రహదారుల నియంత్రణ చట్టం కింద అనుమతి తీసుకోవాల్సిందే. కూడలికి ఎంత దూరం, బండి వేగం తగ్గించుకుని లోపలికి రావడానికి లేన్ ఉందా, ఇవన్నీ డ్రాయింగ్‌లో చూస్తారు. బడి, పది పడకలు లేదా అంతకు మించి ఉన్న ఆసుపత్రి, నివాస ప్రాంతంగా గుర్తించిన చోటు ఉంటే కొత్త బంకు 50 మీటర్ల అవతల ఉండాలని కేంద్ర కాలుష్య నియంత్రణ మండలి 2020 జనవరిలో చెప్పింది, అదనపు భద్రత పెట్టినా 30 మీటర్ల లోపు అసలు ఒప్పుకోరు. ఇరుగుపొరుగు అభ్యంతరాలు ఎక్కువగా ఇక్కడినుంచే పుడతాయి. పక్క బంకు యజమాని కేసు వేస్తే మాత్రం 'వ్యాపారం తగ్గుతుందన్న కారణం చాలదు' అనే వాదన ఉంది, ఒక సినిమా హాలు ఎన్ఓసీ కేసులో సుప్రీంకోర్టు చెప్పిన మాట, 1976 రిపోర్టుల్లో దొరుకుతుంది, పాపని చదవమనండి.

ఇక మన జిల్లాల్లో అసలు చిక్కు భూమి దగ్గరే. డీకేటీ పట్టా (ప్రభుత్వం పేదలకిచ్చిన భూమి) అని తేలినా, 22ఏ జాబితాలో (రిజిస్ట్రేషన్ నిషేధించిన భూముల జాబితా) నంబరు కనిపించినా, మిగతా కాగితాలన్నీ బాగున్నా పని ఆగిపోవచ్చు. ఎఫ్‌ఎంబీ (పొలం కొలతల పటం), అడంగల్ (సాగు, హక్కుల రికార్డు), ఈసీ (భూమి మీద జరిగిన రిజిస్ట్రేషన్ల వివరం) చదవగలిగి, హైవే డ్రాయింగ్ కూడా అర్థం చేసుకునే లాయరుకి బంకులతో పాటు గ్యాస్ గోడౌన్లు, కల్యాణ మండపాలు, లేఅవుట్లు, హోటళ్ల పనీ వస్తుంది. కోర్టుకి వెళ్లకముందే, స్థలం లీజుకి తీసుకునే ముందే సలహా అడిగేవాళ్లూ ఉంటారు, నా దృష్టిలో మంచి పని అదే.

డబ్బు విషయం దాచను. మూడేళ్ల లా, బార్ కౌన్సిల్‌లో ఎన్‌రోల్‌మెంట్, ఆలిండియా బార్ పరీక్ష, ఆ తర్వాత జూనియర్‌గా మొదటి రెండు మూడేళ్లు చేతికి వచ్చేది చాలా తక్కువ. రిట్లు అమరావతిలో, కలెక్టరేట్ పని ఇక్కడ, కాబట్టి కొన్నాళ్లు అక్కడ గది అద్దె మీరే కట్టాల్సి రావచ్చు. దానికి సిద్ధమైతేనే సరే అనండి, మధ్యలో ఆపేస్తే పాప రెండింటికీ చెడుతుంది. జడ్జి పరీక్ష మీద మనసు మళ్లినా ఈ ఏళ్లు వృథా కావు, దానికి మూడేళ్ల ప్రాక్టీసు తప్పనిసరి అని 2025 మేలో సుప్రీంకోర్టు చెప్పింది.

ఈ వేసవిలో ఒక పని చేయించండి. మామయ్య ఫైల్లో ఏ ఆఫీసుకి ఏ తేదీన ఏం వెళ్లింది, ఏం జవాబు వచ్చింది, వరసగా రెండు పేజీల్లో రాసి, కేసు చూస్తున్న లాయరుగారికి చూపించమనండి. ఆయన చదివి, సెలవుల్లో ఆఫీసుకి రమ్మంటే మారు మాట్లాడకుండా పంపండి.