బిందె మెడ కింద మచ్చ

చిరంజీవికి ఆశీస్సులు.

మైన్‌క్రాఫ్ట్ అనే కంప్యూటర్ ఆటకి రే ట్రేసింగ్ టెక్స్చర్ ప్యాక్ (ఆటలోని వస్తువుల పైన అతికే బొమ్మల కట్ట) తయారుచెయ్యడం మీద రాజోలు నుంచి నువ్వు పంపిన వ్యాసం మొన్న అందింది. పద్నాలుగు పేజీలూ చదివాను. "కళ్లు చెదిరే గ్రాఫిక్స్" అని పదకొండు చోట్ల రాశావు. ఎవరి కళ్లు, ఏం చూసి చెదిరాయో ఒక్క చోటా చెప్పలేదు. ఏడో పేజీలో మాత్రం ఆగిపోయాను. మీ మామ్మగారి మండువాలో ఉన్న రాగి బిందెని మైన్‌క్రాఫ్ట్‌లో పెట్టాలని కూర్చున్నావు చూడు, ఆ పేరా మూడుసార్లు చదువుకున్నాను.

చింతపండుతో తోమిన కడుపు భాగం మెరుస్తోందనీ, చెయ్యి సరిగా పట్టని మెడ కింద నల్ల మచ్చ ఉండిపోయిందనీ రాశావు. అంత చూసినవాడివి, దాన్ని టెక్స్చర్‌లోకి ఎలా తెచ్చావో చెప్పకుండా దాటేశావేం బాబూ? రంగు బొమ్మ పక్కన ఇంకో బొమ్మ ఉంటుంది కదా. అందులో ఎరుపు అది లోహమా కాదా అని చెబుతుంది, ఆకుపచ్చ తనంతట తాను వెలుగుతుందా అని, నీలం ఎంత గరుకు అని. కడుపు దగ్గర నీలం బాగా తగ్గించాలి. మెడ కింద పెంచి, ఎరుపు తగ్గించాలి. పదహారు చుక్కల (పిక్సెళ్ల) వెడల్పు బొమ్మలో ఆ మచ్చకి మహా అయితే మూడు చుక్కలు దొరుకుతాయి. ఏ మూడో తేల్చుకోవడానికి నీకెంతసేపు పట్టిందో అది రాయాలి. మండువా పైనుంచి దిగిన వెలుతురు కడుపు మీద తళుక్కుమని, మెడ కింద మసకేసిపోతుంది. వెలుతురు దేనికి తగిలి ఎటు మళ్లిందో లెక్క కట్టడమే రే ట్రేసింగ్ అని ఇలా చెబితే మామ్మగారికీ అర్థమవుతుంది.

ఏ పత్రికకి పంపమంటారని అడిగావు. రే ట్రేసింగ్‌ని "కిరణానుసరణం" చేసి అచ్చేసే చోటికి పంపకు. ఫెయిల్యూర్లని కొట్టేసే చోటికీ వద్దు, నాకు జరిగింది చెబుతాను. అమలాపురంలో నెట్ సెంటర్ నడిపే రోజుల్లో పెన్‌డ్రైవ్ మీంచి విండోస్ ఎక్స్‌పీ నడపాలని రెండు వారాలు నిద్ర పాడుచేసుకున్నాను. లోగో వచ్చేది, ఆ వెంటనే నీలం తెర, చివర 7బి అన్న ఎర్రర్. ఎక్స్‌పీ లేచేటప్పుడు యూఎస్‌బీ డ్రైవర్లు ఆలస్యంగా ఎక్కుతాయి. ఈలోపే అది తన డిస్క్ కోసం వెతుక్కుని, దొరక్క ఆగిపోతుంది. ఇదంతా రాసి పంపితే ఎడిటరు గారు "పాఠకులకి ఫెయిల్యూర్లెందుకండీ" అని ఆ పేజీలు కొట్టేసి, మిగిలినదానికి "పది సులభ చిట్కాలు" అని పేరు పెట్టారు. అది చదివి ప్రయత్నించిన కుర్రాళ్లు సరిగ్గా ఆ నీలం తెర దగ్గరే ఆగి, పెన్‌డ్రైవులు పట్టుకుని నా దగ్గరికొచ్చారు. ఆ కోపం నాకింకా తగ్గలేదు. ఎక్కడ ఆగిపోయామో అదే రాయాలని అప్పటినుంచీ పట్టుబట్టి ఉన్నాను.

నీ పదకొండో పేజీ చూడు. విండోస్ 7ని పెన్‌డ్రైవ్‌లో వేసుకుంటే ఏ కంప్యూటర్‌లోనైనా ఈ ప్యాక్‌తో ఆడుకోవచ్చన్నావు. చేసి చూడలేదు నువ్వు. చూసి ఉంటే ఆ వాక్యం రాసేవాడివి కాదు. ఈ ప్యాక్‌కి కావలసిన డైరెక్ట్‌ఎక్స్ (విండోస్‌లో ఆటల గ్రాఫిక్స్ నడిపే భాగం) రే ట్రేసింగ్ విండోస్ 10కి 2018 అక్టోబర్ అప్‌డేట్‌తో వచ్చింది, 7కి రానేలేదు. గ్రాఫిక్స్ కార్డు కూడా రే ట్రేసింగ్ చెయ్యగలిగింది ఉండాలి. విండోస్‌ని పెన్‌డ్రైవ్ మీద నడిపే "విండోస్ టు గో"ని 2012లో విండోస్ 8తో ఇచ్చిన మైక్రోసాఫ్టే 2020లో తీసేసింది. హార్డ్‌డిస్క్ పోయిన పాత లాప్‌టాప్ కోసమైతే పప్పీ లైనక్స్ అనే చిన్న ఆపరేటింగ్ సిస్టం గురించి విడిగా ఇంకో వ్యాసం రాయి. అది మొత్తం ర్యామ్‌లోకి ఎక్కేస్తుంది కాబట్టి పెన్‌డ్రైవ్ నిదానమైనా ఇబ్బంది ఉండదు. ఈ రెండింటినీ ఒకే వ్యాసంలో కుక్కకు.

బిందె పేరా మళ్లీ రాసి పంపు. మధ్యాహ్నం రెండింటికి మండువాలో ఎండ ఏ స్తంభం దాకా వస్తుందో చూసి, అది కూడా రాయి. మామ్మగారికి నా నమస్కారాలు చెప్పు.